దొంగ దొరికాడు, గొలుసు దొరికింది, ఇంటికి మాత్రం రాలేదు

మా అమ్మ మెడలో దాదాపు తొమ్మిది నెలలు పసుపుతాడే ఉంది. పొద్దున్నే వాకిట్లో ముగ్గు వేస్తుంటే బైక్ మీద ఇద్దరు వచ్చి, అడ్రస్ అడుగుతున్నట్టు వంగి, పుస్తెలతాడు తెంపుకుపోయారు. మెడ చుట్టూ ఎర్రగా తేలిన గీత వారం రోజులకు గానీ తగ్గలేదు. ఆ సాయంత్రమే పసుపుకొమ్ము కట్టిన తాడు నాన్న చేత కట్టించుకుంది. దొరికేదాకా ఇదే చాలు, ఎవరూ ఏమీ కొనొద్దు అంది.

నెలన్నర తిరిగేసరికి స్టేషన్ నుంచి ఫోన్ వచ్చింది. దొంగలు దొరికారు, సొత్తు రికవరీ అయింది, వచ్చి చూసుకోండి అన్నారు. అమ్మ దేవుడి దగ్గర దీపం పెట్టి, ఉన్న చీరల్లో మంచిది కట్టుకుని బయలుదేరింది. గొలుసు రెండు ముక్కలైంది, పుస్తెల్లో ఒకటే ఉంది, రెండోది ఎక్కడ పడిపోయిందో దొంగలకే తెలియదట. అయినా చూడగానే గుర్తుపట్టింది. ఇక రేపో ఎల్లుండో ఇచ్చేస్తారనుకున్నాం, రికవరీ అనే మాటకి మాకు తెలిసిన అర్థం అదే మరి. ఆ తర్వాత ఆరు నెలలు మేం స్టేషన్‌కి వెళ్లడం, స్టేషన్ రైటర్ గారు "కోర్టు ఆర్డర్ లేకుండా మేం ఇవ్వకూడదమ్మా, కేసు కోర్టులో ఉంది, అయ్యాక వస్తుంది" అనడం, తిరిగి రావడం, ఇంతే. అబద్ధం చెప్పలేదు ఆయన. కానీ ఆ వాక్యంలో చెప్పకుండా వదిలేసిన ముక్క ఒకటుంది. కోర్టు ఆర్డర్ తెచ్చుకోవడానికి కేసు అయిపోయేదాకా ఆగక్కర్లేదు, మనమే అడగొచ్చు. ఆ ఒక్క ముక్క ఎవరూ చెప్పకపోవడం వల్ల ఆరు నెలలు పోయాయి. ఈ పోస్టు రాస్తున్నది అందుకే. మనం అడగకపోతే అది దానంతట అది రాదు, ఎప్పుడు అడగాలో ఎవరూ పిలిచి చెప్పరు.

మాకు చెప్పినాయన ఒక వకీలు దగ్గర గుమాస్తా. పొలం గట్టు తగాదా మీద నాన్న వేరే పనికి కోర్టుకి వెళ్తే మాటల్లో ఈ సంగతి వచ్చింది. "అయ్యో, రిటర్న్ ఆఫ్ ప్రాపర్టీ పిటిషన్ వేయలేదా ఇన్నాళ్లు?" అన్నాడట. ఆ పేరు మేం అప్పుడే మొదటిసారి విన్నాం. కొందరు ఇంటరిమ్ కస్టడీ పిటిషన్ అంటారు. ఏ పేరుతో అడిగినా కోర్టు వాళ్లకి అర్థమవుతుంది.

తర్వాత నేను చదివి, వకీలు గారిని విసిగించి తెలుసుకున్నది ఇక్కడ చెబుతాను. పోలీసులు ఏ వస్తువు స్వాధీనం చేసుకున్నా ఆ సంగతి వెంటనే మెజిస్ట్రేట్‌కి రాసి పంపాలి. నేర కేసులు ఎలా నడపాలో చెప్పే పాత చట్టం సీఆర్‌పీసీలో అది 102వ సెక్షన్, దాని స్థానంలో 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 106. అక్కడి నుంచి ఆ వస్తువు మీద మాట చెల్లేది కోర్టుది. దాన్ని ఎవరికి ఇవ్వాలనే నిర్ణయం రెండు దశల్లో జరుగుతుంది. ఒకటి కేసు ముగిశాక, తీర్పుతో పాటు వచ్చేది, పాత 452, ఇప్పుడు 498. రెండోది కేసు నడుస్తుండగానే జరిగేది. వస్తువు కోర్టు ముందుకి వచ్చి ఉంటే పాత 451, ఇప్పుడు 497. కోర్టుకి రాకుండా స్టేషన్‌లోనే ఉండి కాగితం మాత్రమే వెళ్లి ఉంటే పాత 457, ఇప్పుడు 503. మన వస్తువు ఎక్కడుందో మనకి సరిగ్గా తెలియదు కాబట్టి వకీళ్లు చాలాసార్లు రెండు సెక్షన్లూ కలిపే రాస్తారు. మాకూ అలాగే రాశారు.

కొత్త చట్టంలో మాలాంటి వాళ్లకి నిజంగా పనికొచ్చే మార్పులు వచ్చాయి. 497లో దర్యాప్తు అనే మాట కూడా చేర్చారు, అంటే విచారణ మొదలయ్యేదాకానే కాదు, ఛార్జిషీటు పడేదాకా కూడా కూర్చోవాల్సిన పని లేదు. వస్తువు కోర్టు ముందుకి వచ్చిన 14 రోజుల్లో దాని వివరాలతో ఒక పట్టిక తయారు చేయాలి, ఫోటో తీయించాలి, అవసరమైతే వీడియో తీయించాలి. అది జరిగిన 30 రోజుల్లోగా ఆ వస్తువు ఏం చేయాలో, ఎవరికి ఇవ్వాలో ఆర్డర్ ఇవ్వాలి. ఆ ఫోటోలు, వీడియోలు తర్వాత విచారణలో సాక్ష్యంగా చెల్లుతాయని చట్టంలోనే రాశారు. "వస్తువు ఇచ్చేస్తే రేపు సాక్ష్యం ఎలా?" అని ఎవరైనా అడ్డుచెబితే జవాబు అక్కడే ఉంది.

ఇది కొత్తగా పుట్టిన ఆలోచన కూడా కాదు. సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ వర్సెస్ గుజరాత్ ప్రభుత్వం అని 2002లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఒకటుంది, ఈ పిటిషన్లు వేసే ప్రతి వకీలుకీ ఆ పేరు నోటికొచ్చు. ఆ కేసు ఎలా పుట్టిందో చదివితే నాకు మనసు కలుక్కుమంది. అందులో ముద్దాయిలు ఒక స్టేషన్‌లో పనిచేసిన పోలీసులే. కేసుల్లో పట్టుబడిన సొత్తు తీసి వేరేది పెట్టారని, డబ్బు వాడుకున్నారని వాళ్ల మీద ఆరోపణ. ఆ సందర్భంలో కోర్టు, పట్టుకున్న వస్తువులు స్టేషన్లలో పదిహేను రోజుల నుంచి నెల కన్నా ఎక్కువ ఉండకూడదని, మెజిస్ట్రేట్లు ఈ అధికారాన్ని త్వరగా వాడాలని చెప్పింది. నగలైతే వివరంగా పంచనామా రాసి, ఫోటోలు తీసి, వాటి మీద సంతకాలు తీసుకుని, బాండు రాయించుకుని సొంతదారుకి ఇచ్చేయమంది. పదిహేను రోజుల నుంచి నెల. మేం ఆరు నెలలు ఊరికే తిరిగాం.

దానికి ముందు 1977లో బసవ్వ అనే ఆమె కేసు ఉంది. ఆమె ఇంట్లో పోయిన నగలు దొరికాయి, కోర్టు నుంచి విలువ కట్టించడానికి స్టేషన్‌కి వెళ్లాయి, అక్కడ మాయమయ్యాయి. వస్తువే లేదు కదా, ఏం తిరిగిస్తాం అన్న వాదనని సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు, దాని విలువ ప్రభుత్వం కట్టాలంది. వకీలు గారు ఈ కేసు చెబుతుంటే అమ్మ ఒక్క మాట అడిగింది, "ఆమెకి ఆ డబ్బులు వచ్చేసరికి ఎన్నేళ్లయింది బాబూ?" అని. ఆయన నవ్వలేదు, చాలా ఏళ్లమ్మా అన్నాడు.

ఇక అసలు చిక్కు. గొలుసు మాదే అని ఎలా చూపించాలి? బిల్లు లేదు. అమ్మ పెళ్లినాటి గొలుసు చెరిపి, కొంత బంగారం కలిపి, ఎప్పుడో తెలిసిన కంసాలి దగ్గర చేయించింది, ఆయన ఇప్పుడు లేడు. చాలా ఇళ్లలో బంగారం సంగతి ఇంతే. మమ్మల్ని కాపాడినవి రెండు. మొదటిది ఫిర్యాదు. ఆ రోజు కంగారులో అమ్మ చెబుతుంటే నేను రాశాను, అప్పుడు చాదస్తం అనుకున్నవన్నీ రాయించింది: కొక్కెం ఎస్ ఆకారంలో ఉంటుంది, కొంచెం వంకర తిరిగి ఉంటుంది, పుట్టింటి పుస్తె అంచు దగ్గర చిన్న సొట్ట ఉంది, చిన్నప్పుడు నేను పళ్లతో కొరికింది. దొరికింది ఆ పుస్తే. మెజిస్ట్రేట్ గారి ముందు గుర్తింపు జరిగినప్పుడు అలాంటివే ఇంకో నాలుగు గొలుసులు కలిపి బల్ల మీద పెట్టారు, అమ్మ అద్దాలు కూడా పెట్టుకోకుండా వేలితో తడిమి సొట్ట చూపించింది. రెండోది ఫోటో. మా పిన్ని కూతురి పెళ్లిలో తీసినది, అమ్మ వంగి అక్షింతలు వేస్తుంటే గొలుసు ముందుకి వేలాడి కొక్కెంతో సహా స్పష్టంగా పడింది. దాన్ని పెద్దది చేయించి పిటిషన్‌కి జత చేశాం. ఇది చదివేవాళ్లు ఒక పని చేయండి, ఈ రోజే చేయండి. ఇంట్లో నగలు ఒక్కొక్కటిగా తెల్లకాగితం మీద పెట్టి, రెండువైపులా ఫోన్‌తో ఫోటో తీసి పెట్టుకోండి. బండైతే ఛాసిస్ నంబర్, ఫోన్ అయితే ఐఎంఈఐ నంబర్.

పిటిషన్‌లో పెద్దగా ఏమీ ఉండదు. అమ్మ పేరు మీద అఫిడవిట్, ఎఫ్‌ఐఆర్ కాపీ, రికవరీ పంచనామా, ఆ ఫోటో, ఆధార్. కోర్టు దాన్ని ప్రభుత్వ వకీలుకి, అంటే ఏపీపీ గారికి పంపి, స్టేషన్ నుంచి అభ్యంతరం ఉందేమో అడుగుతుంది. మా కేసులో మొదటి వాయిదాకి స్టేషన్ నుంచి జవాబే రాలేదు. రెండో వాయిదాకి, విచారణలో వస్తువు గుర్తించాల్సి ఉంది కాబట్టి ఇవ్వొద్దు అని రాశారు. అప్పుడు నాకు టెన్షన్‌తో కాళ్లు వణికాయి. మా వకీలు గారు నిదానంగా గుర్తింపు ఎప్పుడో జరిగిపోయిందని చూపించి, ఫోటోల గురించి 497లో ఉన్న ముక్క చదివి వినిపించారు. ఇంకెవరైనా ఇది నాదని వచ్చారా అని మెజిస్ట్రేట్ గారు అడిగారు. లేదన్నారు. ముద్దాయిలు కూడా అది తమదని అనలేదు. మూడో వాయిదాకి ఆర్డర్ వచ్చింది.

ఆర్డర్ వచ్చిందంటే వస్తువు శాశ్వతంగా మనదైనట్టు కాదని ఇక్కడ చెప్పాలి, చాలామంది ఇది అపార్థం చేసుకుంటారు. ఎవరు అసలు హక్కుదారు అనేది ఈ దశలో తేల్చరు. ఇప్పటికి ఇది ఎవరి దగ్గర ఉండటం న్యాయం అనేదే చూస్తారు. అందుకే షరతులు ఉంటాయి. గొలుసు విలువకి సరిపడా బాండు, ఇద్దరు జామీనుదారులు. అమ్మకూడదు, తాకట్టు పెట్టకూడదు, రూపం మార్చకూడదు, కోర్టు ఎప్పుడు తెమ్మంటే అప్పుడు తేవాలి. ఆ మూడో షరతు మేం ఆ రోజు పట్టించుకోలేదు.

వస్తువు అప్పగించిన రోజు నాకు ఇంకా కళ్లకు కట్టినట్టు ఉంది. బెంచ్ క్లర్క్ గారు ఇనుప బీరువాలోంచి చిన్న గుడ్డ పొట్లం తెచ్చారు. అరచేతిలో పట్టేంత. దాని మూతికి దారం, దారం మీద లక్క ముద్ర, పక్కన క్రైమ్ నంబర్ రాసిన చీటీ. బ్లేడుతో దారం కోశారు. తెల్లకాగితం మీద గొలుసు ముక్కలు, పుస్తె వేశారు. తూకానికి పిలిపించిన కంసాలి చిన్న ఎలక్ట్రానిక్ కాటా తెచ్చుకున్నాడు, ఊపిరి తగిలితే అంకె కదులుతుందని అందరినీ కాస్త వెనక్కి జరగమన్నాడు. 26 గ్రాముల 380 మిల్లీగ్రాములు. పంచనామాలో 26 గ్రాముల 450 అని ఉంది. క్లర్క్ గారు పెన్ను పక్కన పెట్టేశారు. నా గుండె జారింది, ఇంత దూరం వచ్చి 70 మిల్లీగ్రాముల దగ్గర ఆగిపోతుందా అని. కంసాలి కాగితం ఎత్తి చూపించాడు, గొలుసు లంకెల్లోంచి రాలిన పసుపు ఉంది దాని మీద, ఎండి పొడైపోయి. అమ్మ రోజూ పుస్తెలకి పసుపు రాస్తుంది. ఆ పొడి కాగితంతో సహా తూచి, తేడా ఎందుకు వచ్చిందో రాసి, అందరి చేతా సంతకాలు పెట్టించారు. మీ వస్తువు తీసుకునేటప్పుడు మీరు కూడా ఇలాంటి తేడా ఏది కనిపించినా మొహమాట పడకుండా అక్కడికక్కడే రాయించండి, బయటికి వచ్చాక అడిగితే వినేవాళ్లుండరు. తర్వాత ఫోటోలు తీశారు. నాలుగు ఫోటోల మీద అమ్మ సంతకం పెట్టింది, ఒక్కో అక్షరం దిద్దుతున్నట్టు.

స్టేషన్‌కి తిరిగిన రోజుల్లో నేను చూసిన ఇంకో దృశ్యం చెప్పకుండా ఉండలేను. ఆవరణలో ప్రహరీ పక్కన పట్టుకున్న బండ్లు వరసగా ఉండేవి. ఒక ఆటో సీటు స్పాంజి చీల్చుకుని రావి మొక్క మొలిచింది, మొదటిసారి వెళ్లినప్పుడు మోకాలెత్తు, చివరిసారి వెళ్లినప్పటికి ఆటో టాపుని తాకుతోంది. అద్దం మీద పిల్లల పేర్లు స్టిక్కర్లుగా ఉన్నాయి, ఒక అక్షరం ఊడిపోయింది. ఆ ఆటో మీద బతికే ఇల్లు ఎక్కడో ఉంటుంది కదా. బంగారం పదేళ్లు బీరువాలో ఉన్నా బంగారమే, బండి ఒక్క వానాకాలానికే తుక్కు. 2002 తీర్పులోనే వాహనాలని స్టేషన్ల ముందు ఏళ్ల తరబడి ఉంచడం వల్ల ఎవరికీ లాభం లేదని, తగిన బాండు తీసుకుని ఇచ్చేయాలని, ఎవరూ తీసుకోకపోతే వేలం వేయాలని ఉంది. మన ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ప్రతివాదిగా ఉన్న జనరల్ ఇన్సూరెన్స్ కౌన్సిల్ కేసులో 2010లో సుప్రీంకోర్టు ఆ మాటలు అమలు చేయాల్సిందేనని మళ్లీ చెప్పింది. బండికైతే సాధారణంగా ఆర్‌సీ ఎవరి పేరు మీద ఉంటే పిటిషన్ వాళ్లే వేయాలి. కొని పేరు మార్పించుకోని వాళ్లు ఇక్కడే ఇరుక్కుంటారు. యాక్సిడెంట్ కేసులో ఇన్సూరెన్స్ లేకపోతే తగిన సెక్యూరిటీ కట్టేదాకా బండి వదలరు.

గంజాయి లాంటి కేసుల్లో అద్దెకిచ్చిన బండి పట్టుబడితే ఇక అంతే అనుకుంటారు. మాదకద్రవ్యాల మీద ఉన్న ఎన్‌డీపీఎస్ చట్టంలో కూడా విచారణ లోపు బండి ఇవ్వకూడదని నిషేధం లేదని 2025 జనవరిలో బిశ్వజిత్ దేయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అస్సాంలో ఒక లారీ యజమాని కేసు అది. అయితే అడవి కలప, సారా లాంటి వాటికి వేరే చట్టాలున్నాయి, అక్కడ జప్తు చేసే అధికారం ఆ శాఖ అధికారికే ఉంటుంది, దారి వేరు. అలాంటి కేసైతే ఆ పని తెలిసిన వకీలునే పట్టుకోండి. సైబర్ మోసాల్లో బ్యాంకులో ఫ్రీజ్ అయిన డబ్బు వెనక్కి రావడానికి కూడా నేను పైన చెప్పిన సెక్షన్లే. తెలంగాణలో 2024 నుంచి లోక్ అదాలత్‌లలో అలా బాధితులకి డబ్బు ఇప్పిస్తున్నారు.

వస్తువు తిరిగి ఇచ్చే అధికారం పోలీసులకి అసలు లేదా అంటే, ఉంది. కోర్టుకి తరలించడం కష్టమైనా, పెట్టుకోవడానికి చోటు లేకపోయినా, దర్యాప్తుకి ఇక అవసరం లేదనిపించినా, కోర్టు పిలిస్తే తెస్తానని బాండు రాయించుకుని వాళ్లే అప్పగించవచ్చని 106లోనే ఉంది. మాకు ఆ దారి ఎవరూ చూపించలేదు. అడిగినా ఇచ్చేవారు కాదేమో. కానీ పిటిషన్ వేసుకోమని ఒక్క మాట చెప్పడానికి ఏ అధికారమూ అక్కర్లేదు కదా. రికవరీ అయిందని ఫోన్ చేసినవాళ్లు, అదే ఫోన్‌లో ఇంకో వాక్యం చెప్పొచ్చు. ఇది నాకు ఇప్పటికీ బాధే. ఆరు నెలలు ఆ స్టేషన్ బల్ల మీద చేతులు కట్టుకుని కూర్చుంది మా అమ్మ, దొంగతనం చేసినవాళ్లలో ఒకడు అప్పటికే బెయిల్ మీద బయటికి వచ్చేశాడు.

గొలుసు ఇంటికి తెచ్చిన రోజు నాన్న కంసాలి దగ్గరికి బయలుదేరారు, అతికించి తెద్దామని. అప్పుడు గుర్తొచ్చింది ఆ షరతు. రూపం మార్చకూడదు. అతికిస్తే మార్చినట్టేనా? వకీలు గారికి ఫోన్ చేస్తే చేయకండి, ఆగండి అన్నారు. ఇంకో చిన్న పిటిషన్ వేశాం, తెగినచోట అతికించుకోవడానికి అనుమతి ఇమ్మని. ఫోటోలు ఎలాగూ ఉన్నాయి కాబట్టి ఇచ్చారు, దానికి ఇంకో ఇరవై రోజులు. ఆ ఇరవై రోజులు అమ్మ ఆ ఒక్క పుస్తెనీ పసుపుతాడుకే కట్టుకుని తిరిగింది, ముక్కలు బీరువాలో పెట్టి.

ఇప్పుడు అతుకు పెట్టిన గొలుసు మెడలో ఉంది. దగ్గరికి వచ్చి చూస్తే అతుకు కనిపిస్తుంది. రెండో పుస్తె కొత్తది, నాన్న చేయించారు. విచారణ ఇంకా మొదలవలేదు. సమన్లు వచ్చిన రోజు అమ్మ సాక్ష్యం చెప్పాలి, గొలుసు తీసి జడ్జి గారి ముందు పెట్టాలి, ఎంతసేపు అక్కడ ఉంటుందో ఏమో. ఆ రోజు కోసం పసుపుకొమ్ము కట్టిన తాడు ఒకటి చేసి, దేవుడి గూట్లో కుంకుమ భరిణె కింద పెట్టుకుంది.